సెంటర్ బ్యాక్‌లో పెట్టారని అలిగిన మేనల్లుడికి

చిన్నా,

నిన్ను ఫుట్‌బాల్ జట్టులో ఫార్వర్డ్ (ముందుండి గోల్స్ కొట్టే చోటు) నుంచి తీసి సెంటర్ బ్యాక్‌లో (మన గోల్ ముందు మధ్యలో కాపు కాసే చోటు) పెట్టారనీ, పొట్టివాడివి అక్కడేం ఆడతావని అందరూ అంటున్నారనీ అమ్మ చెప్పింది. ఆటే మానేస్తానన్నావట. మానేసే ముందు బార్సిలోనా, స్పెయిన్ జట్ల డిఫెండర్ కార్లెస్ పుయోల్ గురించి విను.

స్పెయిన్‌లో కాటలోనియాలోని లా పోబ్లా ద సెగుర్ అనే చిన్న ఊరు అతనిది. మొదట గోల్ కీపర్, తర్వాత ఫార్వర్డ్. 1995లో పదిహేడేళ్లకి బార్సిలోనా అకాడమీలో చేరాడు, అక్కడ మిడ్‌ఫీల్డ్, ఆ తర్వాత రైట్ బ్యాక్, చివరికి సెంటర్ బ్యాక్. 1998లో క్లబ్బే అతన్ని మాలగా అనే ఇంకో స్పెయిన్ క్లబ్బుకి అమ్మడానికి ఒప్పుకుంటే, నేను వెళ్లనని కూర్చున్నాడు. 1999లో కోచ్ వాన్ గాల్ అతన్ని పెద్ద జట్టులో ఆడించాడు, 2004 నుంచి ఆట ఆపేదాకా కెప్టెన్ కూడా అతనే.

ఇక ఎత్తు సంగతి. పుయోల్ 178 సెంటీమీటర్లు, సెంటర్ బ్యాక్‌కి అది తక్కువే. 2010 వరల్డ్ కప్ సెమీఫైనల్, డర్బన్‌లో, స్పెయిన్‌కి ఎదురుగా జర్మనీ, వాళ్ల డిఫెన్స్‌లో 198 సెంటీమీటర్ల మెర్టెసాకర్. 73వ నిమిషంలో జట్టులోని షావి కార్నర్ కొడితే పుయోల్ గోల్ ముందుండే బాక్స్ అంచు నుంచి పరుగెత్తుకొచ్చి, అందరి మీదుగా లేచి, తలతో గోల్ కొట్టాడు. ఆ మ్యాచ్‌లో అదొక్కటే గోల్. వీడియో పెట్టుకుని బంతిని వదిలేసి అతని కాళ్లనే చూడు. ముందే వెళ్లి గోల్ దగ్గర నిలబడలేదు, బంతి ఎక్కడ పడుతుందో చూసుకుని వేగంగా వచ్చాడు. నిలబడి ఎగిరేవాడికన్నా పరుగెత్తి ఎగిరేవాడు పైకి లేస్తాడు. రోజూ ఇరవై సార్లు ఇదే ప్రాక్టీస్ చెయ్యి.

ఇంకోటి, నోరు తెరువు. వెనకున్నవాడికే మైదానమంతా కనబడుతుంది, నువ్వు అరవకపోతే మిడ్‌ఫీల్డర్‌కి తన వెనక ఎవరున్నారో ఎలా తెలుస్తుంది? కానీ గెలిచినప్పుడు తగ్గి ఉండు. 2012లో రాయో వయ్యెకానో అనే క్లబ్బు మీద 7-0తో గెలుస్తూ తన జట్టువాళ్లే గోల్ కొట్టి డాన్స్ మొదలెడితే, పుయోల్ వెళ్లి ఆపించాడు. అంతకుముందు ఏడాది యూరప్ క్లబ్బుల పెద్ద టోర్నీ చాంపియన్స్ లీగ్ గెలిచినప్పుడైతే, కొద్ది నెలల క్రితమే కాలేయంలో కణితికి ఆపరేషన్ అయిన తన జట్టు ఆటగాడు అబిదాల్ చేతికి కెప్టెన్ బ్యాండ్ కట్టి కప్పు అతనితోనే ఎత్తించాడు. అది తలుచుకుంటే నాకు ఇప్పటికీ కళ్లు చెమరుస్తాయి రా.

ఒక్క విషయంలో మాత్రం జాగ్రత్త. ప్రతి బంతికీ ఒళ్లు అడ్డం పెట్టిన మనిషి అతను, 2012లో మోచెయ్యి కీలు తప్పింది, చివరికి మోకాలు సహకరించక 2014లో ఆగిపోయాడు. నేను కూడా నీ వయసులో మోకాలి నొప్పి దాచి ఆడాను, ఇప్పుడు మెట్లెక్కాలంటే గోడ పట్టుకుంటున్నాను. నొప్పి ఉంటే అదే రోజు కోచ్‌కి చెప్పు.

ఆదివారం మ్యాచ్‌కి వస్తున్నా. కార్నర్ వచ్చినప్పుడు ఎక్కడి నుంచి పరుగు మొదలెడతావో చూస్తాను.

మీ మావయ్య