సొలొమోను అంతటి జ్ఞాని అయితే, ఆయన పోగానే రాజ్యం ఎందుకు చీలిపోయింది?

చీలికకు బీజాలు ఆయన పాలనలోనే పడ్డాయి. సొలొమోను దావీదు రాజుకు, బత్షెబకు పుట్టిన కొడుకు. క్రీ.పూ. 10వ శతాబ్దంలో 40 ఏళ్లు ఇశ్రాయేలును ఏలాడని బైబిలు చెబుతుంది. ఒకే బిడ్డ కోసం ఇద్దరు స్త్రీలు పోట్లాడుకున్నప్పుడు ఆయన చెప్పిన తీర్పు అందరికీ తెలిసిందే.

జనం అంతగా పట్టించుకోనిది ఖర్చు సంగతి. యెరూషలేము మందిరానికి 7 ఏళ్లు పడితే, సొంత రాజభవనానికి 13 ఏళ్లు పట్టింది! దేవదారు కలప పొరుగున ఉన్న తూరు నగర రాజు హీరాము పంపాడు. బదులుగా ఏటేటా గోధుమలు, నూనె వెళ్లాయి. చివరికి గలిలయలో 20 ఊళ్లు కూడా ఇచ్చేశాడు. లెబానోనులో పనికి 30,000 మందిని వెట్టికి పట్టి, నెలకు 10,000 మంది చొప్పున వంతులవారీగా పంపాడు. కట్టడాల రాజులందరి కథా దాదాపు ఇంతే.

బైబిలు మాత్రం నేరాన్ని ప్రధానంగా అన్యదేశపు భార్యలపై, వారి దేవతలపై మోపుతుంది. నా దృష్టిలో అసలు మంట వెట్టిచాకిరీదే. భారం తగ్గించమని ప్రజలు అడిగితే, కొడుకు రెహబాము ఇంకా పెంచుతానన్నాడు. ఉత్తరాది గోత్రాలు యరొబాము వెంట నడిచాయి. అతడు ఒకప్పుడు సొలొమోను కింద వెట్టిపనులు చేయించిన అధికారే.

మందిరాన్ని క్రీ.పూ. 586 ప్రాంతంలో బబులోను సేనలు కూల్చాయి. బైబిలులోని సామెతలు, ప్రసంగి, పరమగీతము గ్రంథాలు సంప్రదాయంగా సొలొమోను పేరిటే ఉన్నాయి. ముస్లింలు ఆయనను సులేమాన్ ప్రవక్తగా గౌరవిస్తారు.