పోస్టర్ పంపకండి, పాట వినిపించండి

అమీర్‌పేట రూమ్‌లో 'అవళుడె రావుకళ్' వేద్దామంటే ఫ్రెండ్స్ "మలయాళం బూతు సినిమానా" అని నవ్వేశారని, వాళ్లని ఎలా కూర్చోబెట్టాలని అడిగారు కదా. టెన్షన్ పడకండి బ్రదర్, ఆ మాట నేనూ చాలాసార్లు విన్నాను, విన్నప్పుడల్లా బాధేస్తుంది.

ముందు వాళ్లకి పోస్టర్ పంపడం మానేయండి. పేరుకి అర్థం 'ఆమె రాత్రులు' అని, 1978లో ఐ.వి. శశి తీశాడని, తమ్ముణ్ణి చదివించుకోవడానికి ఒళ్లు అమ్ముకునే రాజి అనే అనాథ పిల్ల కథ అని చెప్పండి చాలు. సినిమాకిచ్చిన 'A' సర్టిఫికెట్ అంటే పద్దెనిమిది నిండినవాళ్లు చూడాలనే, బూతు అని కాదు. తర్వాత 'రాకేందు కిరణంగళ్' పాట ఒక్కటి వినిపించండి. పాడింది మన ఎస్. జానకి గారే, ఆ గొంతు విన్నాక తెలుగువాళ్లెవరూ లేచి వెళ్లరు.

సినిమా మొదలయ్యాక రాజిగా చేసిన నటి సీమ కళ్లు చూడమనండి. డాన్సర్‌గా వచ్చిన అమ్మాయి, ఇంత బరువైన పాత్రలో ఎక్కడా జాలి అడుక్కోదు, బేరమాడేటప్పుడు ఎంత మొండిగా ఉంటుందో తమ్ముడి దగ్గరికొచ్చేసరికి అంత మెత్తబడిపోతుంది, ఆ మార్పు డైలాగ్‌తో కాకుండా మొహంతోనే చేసి చూపిస్తుంది. తర్వాత 1984, 85ల్లో వరసగా కేరళ ప్రభుత్వ ఉత్తమ నటి అవార్డు తెచ్చుకుంది. నన్నడిగితే ఆ నటి ఇక్కడే కనిపించేసింది.

సబ్‌టైటిల్స్ ఉన్న కాపీనే పెట్టండి, ఫోన్లు పక్కన పెట్టించండి. మొదటి అరగంట ఎవరైనా నవ్వినా ఆపకండి.