కోపెనిక్ కెప్టెన్‌ను సైనికులు ఎందుకు నమ్మారు?

1906లో బెర్లిన్ పక్కనున్న కోపెనిక్ పురపాలక భవనాన్ని కెప్టెన్ వేషంలో ఒక మోసగాడు స్వాధీనం చేసుకుంటే సైనికులకు అనుమానమే రాలేదా, అటువంటిది ఇప్పుడూ సాధ్యమేనా అని అడిగారు. సైన్యంలో గుమాస్తాగా పనిచేసి, పదవీ విరమణ తరువాత సికింద్రాబాద్‌లో స్థిరపడినవాణ్ని కనుక నాకు తోచినది రాస్తున్నాను.

చెప్పులు కుట్టే పని నేర్చి, జీవితంలో చాలా భాగం జైళ్లలో గడిపిన విల్హెల్మ్ ఫోక్ట్, పాత బట్టల దుకాణాల్లో యూనిఫారం కొని, అక్టోబరు 16న దారిలో కనబడిన సైనికులను వెంట రమ్మని ఆజ్ఞాపించి, రైలెక్కి కోపెనిక్ చేరాడు. ఆ సైనికులను మూర్ఖులనడం అన్యాయం, ఎందుకంటే అధికారిని ఎదురు ప్రశ్నిస్తే తప్పనిసరిగా శిక్ష పడుతుందని వారికి తెలుసు, ప్రశ్నించకపోతే ఏమవుతుందో మాత్రం ఎవరూ నేర్పలేదు. అసలు తెలివి యూనిఫారంలో కన్నా నిజమైన సైనికులను వెనక నిలబెట్టుకోవడంలోనే ఉంది. మేయర్ వారెంటు అడిగితే తుపాకుల బయొనెట్లనే చూపించాడని చెబుతారు. ఖజానాలోని 3,500కు పైగా మార్కులు (అప్పటి జర్మనీ డబ్బు) పట్టుకుపోతూ రసీదు కూడా రాసిచ్చాడు (ఈ సంగతి చదివినప్పుడల్లా నాలోని గుమాస్తాకు నవ్వొస్తుంది). పది రోజుల్లో దొరికాడు, నాలుగేళ్ల శిక్ష పడింది, 1908లో చక్రవర్తి క్షమాభిక్ష పెట్టాడు.

ఇప్పుడు యూనిఫారం కూడా అక్కర్లేదు, ఫోన్ చాలు. అల్వాల్‌లో మా బావగారు పై వాటా అద్దెకు ఇస్తామని ఆన్‌లైన్‌లో ప్రకటన ఇవ్వగానే, తాను మేజర్‌నని, జమ్మూ నుంచి సికింద్రాబాద్‌కు బదిలీ అయిందని ఒకరు హిందీలో ఫోన్ చేసి, గుర్తింపు కార్డు ఫొటో పంపి, అడ్వాన్సు ‘ఆర్మీ అకౌంట్స్’ నుంచి వస్తుంది కనుక ముందు క్యూఆర్ కోడ్ స్కాన్ చేసి పిన్ కొట్టాలన్నారు. అద్దె భత్యం జీతంతో పాటు ఉద్యోగి సొంత ఖాతాలోనే పడుతుందని, ఇంటి యజమానికి సైన్యం విడిగా అడ్వాన్సు పంపదని నాకు తెలుసు. డబ్బు అందుకోవడానికి పిన్ అవసరం లేదన్నది ఫోన్‌లో చెల్లింపులు చేసే ఎవరికైనా తెలియవలసిన విషయం. నేను ఫోన్ తీసుకుని యూనిట్ పేరు, బదిలీ ఉత్తర్వు నంబరు అడిగితే, ఆఫీసరునే ప్రశ్నిస్తావా అని గద్దించి పెట్టేశాడు. మేము సైబర్ నేరాల సహాయవాణి 1930కి ఫోన్ చేసి ఫిర్యాదు చేశాము. మా బావగారు మాత్రం ఆయన నిజంగానే మేజరేమో, అనవసరంగా అవమానించామేమోనని ఆ రాత్రంతా మథనపడ్డారు.