‘సబ్‌లింగ్వల్లీ’ అంటే నాలుక కింద పెట్టుకోమని

కందుకూరు తమ్ముడూ, నాన్నగారి డిశ్చార్జ్ చీటీలో ‘సార్బిట్రేట్ 5, సబ్‌లింగ్వల్లీ, ఎస్ఓఎస్’ అని ఉందని, ఆ గుండె నొప్పి మాత్రని ఆయన నీళ్లతో మింగేస్తున్నారని రాశావు. ముందు ఆ అలవాటు మాన్పించు.

చీటీలో ఆ మాట మందు ఏ దారిన లోపలికి పోవాలో చెబుతుంది. ఓరల్లీ అంటే మింగేది, సబ్‌క్యుటేనియస్లీ అంటే చర్మం కింద గుచ్చేది, ఇన్సులిన్ లాగా. సబ్‌లింగ్వల్లీ అంటే మాత్ర నాలుక కింద పెట్టుకుని కరిగిపోనివ్వాలి. అక్కడి పల్చటి పొర కింద రక్తనాళాలు ఎక్కువ, మందు నేరుగా రక్తంలో కలిసి నిమిషాల్లో పనిచేస్తుంది. మింగితే పొట్ట, పేగులు దాటి లివర్‌కి పోతుంది. అక్కడే చాలా భాగం విరిగిపోతుంది, పైగా ఆలస్యం. గుండె నొప్పిలో ఆ ఆలస్యమే ప్రమాదం.

ఎస్ఓఎస్ అంటే అవసరమైనప్పుడే, ఇక్కడైతే గుండె నొప్పి వచ్చినప్పుడే.

నోట్లో వక్కపొడి, కిళ్లీ ఉంటే ఉమ్మేయమను. నోరు ఎండిపోయి ఉంటే ఒక గుక్క నీళ్లతో తడుపుకుని, ఆ తర్వాతే మాత్ర పెట్టుకోవాలి. తప్పనిసరిగా కూర్చోబెట్టు, బీపీ తగ్గి కళ్లు తిరుగుతాయి. కాస్త తలనొప్పి వస్తే కంగారు పడొద్దు, ఈ మందుకి అది మామూలే. వయాగ్రా రకం మాత్రలు వాడుతుంటే మాత్రం ఇది వేయకూడదు, సిగ్గుపడకుండా డాక్టరుకి చెప్పాలి.

అయిదు నిమిషాల్లో నొప్పి తగ్గకపోతే ఒంగోలుకి కారు మాట్లాడుకుంటూ కూర్చోవద్దు, వెంటనే 108కి ఫోన్ చెయ్యి.