తాడు లాగేవాడి బాకీ

చిరంజీవి అమ్మడికి తాతయ్య ఆశీస్సులు.

ఉద్యోగం మానేసి నాటక సమాజం పెడుతున్నావని మీ నాన్న ఫోన్ చేశాడు. వాడికి ఏడుపు, నాకు నవ్వు. ఒళ్లు మండి పెట్టేశాడు. ఆ రాత్రి నాకు మాత్రం కునుకు పడితే ఒట్టు. ఫోన్లో చెబితే "సరే తాతయ్యా" అని కట్ చేస్తావు. అందుకే ఈ ఉత్తరం.

సురభి నాటక కంపెనీ పెట్టిన వనారస గోవిందరావు గారి గురించి చదివి ఊపొచ్చిందట. మంచిదే. తోలుబొమ్మలాడించే కుటుంబం వాళ్లది. 1885లో కడప జిల్లా సురభి ఊళ్లో కీచక వధ ఆడారు. తెర వెనకుండే మనుషులు తెర ముందుకొచ్చారు. మిగతా చోట్ల మగాళ్లు మీసాలు గీయించుకుని చీరలు కట్టుకునే రోజుల్లో, అక్కడ ఆడపిల్లలే ఆడవేషాలు కట్టారు. కానీ అసలు ముక్క నువ్వు గమనించలేదు. వాళ్లకి కంపెనీ అంటే ఇల్లే. పొయ్యి ఒక్కటే. వేషం కట్టినా గుంజ పాతినా ఇంటి పనే. ఆ పద్ధతి నీకు కుదరాలంటే ముందు ఇంటినిండా పిల్లలుండాలి, నీకింకా పెళ్లే కాలేదు! నీ దగ్గరకొచ్చేవాళ్లంతా ఎవరి పొయ్యి వాళ్లది.

బళ్లారి రాఘవ గారి పేరు కూడా ఎత్తావట. గొప్ప నటుడే, కానీ ఆయన వకీలమ్మా. నాటకం అన్నం పెట్టకపోయినా కోర్టు పెట్టేది. ఆర్నెల్లు సెలవు పెట్టి చూడు, రాజీనామా ఎక్కడికీ పోదు.

బయానా, అదే అడ్వాన్సు, చేతిలో పడందే కరపత్రం వేయించకు. హార్మోనిస్టుతో పేచీ వద్దు, నీ శ్రుతి కంటే ఒక మెట్టు పైకి కట్టి పద్యం మధ్యలో పగ తీర్చుకుంటాడు. ఒకే ఆటలో ఒకరి తర్వాత ఒకరు కృష్ణుడి వేషం కడతారుగా, మొదటి కృష్ణుడి కంటే ముందు రెండో కృష్ణుడికి టీ పంపకు. నవ్వకు, అంతమాత్రానికే అలిగి వెళ్లినవాళ్లు నాకు తెలుసు.

ఇక మీ నాన్నకి కూడా చెప్పని సంగతి ఒకటుంది.

1974, సంక్రాంతి వెళ్లాక, పల్నాడులో ఒక ఊరు. హరిశ్చంద్ర ఆట. మేనేజర్నీ నేనే, హరిశ్చంద్రుణ్ణీ నేనే. తెర తాడు లాగే అతనికి మూడు ఆటల డబ్బులు, ఇరవైనాలుగు రూపాయలు, బాకీ ఉన్నాను. అడిగినప్పుడల్లా "నీకేం తొందరరా, మన ఊరివాడివేగా" అనేవాణ్ణి. వేషగాళ్లకి మాత్రం తెల్లారకుండానే లెక్క కట్టేసేవాణ్ణి. వాళ్లు అలిగితే కరపత్రంలో పేరు పోతుంది. తాడుకి పేరేముంది?

కాటిసీను. చంద్రమతి మెడ వంచి కూచుంది. వెండికాగితం చుట్టిన చెక్కకత్తి ఎత్తి పద్యం అందుకున్నా. జనం వన్స్‌మోర్ అన్నారు, మళ్లీ పాడా. కత్తి దించబోయేసరికి లోపలి తెర లేచి పార్వతీపరమేశ్వరులు కనపడాలి. లేవలేదు. రాగం సాగదీశా. లేవలేదు. చెయ్యి లాగేస్తోంది. స్టేజీ పక్క వింగులోకి చూశా. తాడు వాడి చేతిలోనే ఉంది. మొహంలో కోపం కూడా లేదు, నా వంక అలా చూస్తున్నాడంతే.

చంద్రమతి తలెత్తకుండానే గొణిగింది: "ఎంత బాకీ?"

"ఇరవైనాలుగు."

"ఇచ్చెయ్యండి బాబూ, మెడ పట్టేసింది."

నేను వింగు వైపు తిరిగి "తెల్లారేసరికి ఇస్తానురా, లాగు!" అన్నా. నెత్తిమీద మైకు వేలాడుతోందన్న సంగతే మర్చిపోయా.

"అప్పు తీర్చడానికి ఆలిని అమ్మినవాడివి, తాడువాడికి ఎగ్గొడతావా?" అని ముందు వరసలో ఎవరో ముసలాయన అరిచాడు. పందిరి పందిరంతా గొల్లుమంది. తెర లేచింది. లోపల శివుడు కూడా నవ్వుతున్నాడు.

తెల్లారి డబ్బిచ్చాను. లెక్క పెట్టుకున్నాడు. తాడు చుట్ట చుట్టి, నా ట్రంకుపెట్టె మీద పెట్టి, నమస్కారం పెట్టి వెళ్లిపోయాడు. మళ్లీ నా కంపెనీకి రాలేదు. తిట్టి పోయినా బాగుండేది. ఇప్పటికీ ఆ ఊరి మీదుగా బస్సు వెళ్తుంటే సీట్లోంచి కిందకి జారి కూచుంటాను.

అమ్మడూ, ఇంకోటి. ఆట అయ్యాక అర్ధరాత్రి వ్యానెక్కద్దు. మీ డ్రైవరు కూడా ఆట చూసి నిద్ర చెడగొట్టుకునుంటాడు. ఆ ఊరి బడి అరుగు మీదైనా సరే పడుకుని, పొద్దున్నే బయల్దేరండి. చాదస్తం అనుకో, నాకు మాత్రం రోజూ ఫోన్ చెయ్. ఆరేళ్లప్పుడు వింగు పక్కన నా కిరీటం ఒళ్లో పెట్టుకుని నిద్రపోయేదానివి. ఎవరైనా తీసుకోబోతే కరిచేదానివి. నువ్వు ఈ దారిన పడతావని ఆ రోజే తెలుసుకోవాల్సింది నేను.

ఆ చెక్కకత్తి రేపటి బస్సు పార్శిల్లో పంపుతున్నా. వెండికాగితం ఎప్పుడో ఊడిపోయింది, పిడి వదులైంది. ఎత్తేముందు ఒక మేకు కొట్టించుకో.

మీ తాతయ్య,
తెనాలి