యుద్ధం నడుస్తున్న ఊళ్లో మామూలు జనం రోజులు ఎలా గడుపుతారు?

ఈ ప్రశ్నకి నేను చూసింది చెబుతాను. 2022 ఫిబ్రవరి 24న యుద్ధం మొదలైనప్పుడు యుక్రెయిన్‌లోని ఖార్కివ్‌లో మెడిసిన్ చదువుతున్నాను. తెల్లవారుజామున కిటికీ అద్దాల అదురుకి మెలకువ వచ్చింది. సాయంత్రానికల్లా దుప్పట్లు పట్టుకుని నౌకోవా మెట్రో స్టేషన్‌లోకి దిగిపోయాం.

రైళ్లు ఆపేసి, తలుపులు తీసి ఉంచారు. చంటిపిల్లల తల్లులు, ముసలివాళ్లు పెట్టెల్లో పడుకున్నారు. మిగతావాళ్లం రాతి నేల మీద అట్టలు పరుచుకున్నాం. ఎన్ని అట్టలు వేసినా చలి వీపులోకి దిగేది. మా ఇంటి ఓనరు బామ్మ కూడా అక్కడే ఉంది. మొదటి రాత్రే ఎక్కడినుంచో ఒక చీపురు సంపాదించింది. పొద్దున లేవగానే తన చోటు, ఆ తర్వాత మా చోటు ఊడ్చేది. పైన పేలుడు వినబడితే చీపురు ఆగేది. చేతులు వణికేవి. సద్దుమణిగాక మళ్లీ మొదలుపెట్టేది. రెండో రోజుకి ఇంకో ఇద్దరు ఆవిడతో కలిశారు. ఫోన్ ఛార్జింగ్‌కి వంతులు, బ్రెడ్డు క్యూలో నిలబడేదెవరు అన్నదీ అలాగే కుదిరాయి, పెద్దరికం ఎవరూ తీసుకోకుండానే.

రెండు గోడల లెక్క కూడా ఆవిడే నేర్పింది. ఇంట్లోనే ఉండాల్సి వస్తే మనకీ వీధికీ మధ్య రెండు గోడలుండాలి. మొదటిది దెబ్బ తింటుంది, రెండోది గాజుపెంకుల్ని, ఇనుప ముక్కల్ని ఆపుతుంది. అందుకే అక్కడివాళ్లు నడవాలోనో బాత్రూంలోనో పరుపు వేసుకుంటారు. నీళ్లు వస్తున్నప్పుడే బాత్‌టబ్బు నింపి పెట్టుకుంటారు.

మార్చి 2న మన ఎంబసీ వెంటనే ఖార్కివ్ వదిలేయమంది. ఊరి పక్కనే ఉన్న పెసోచిన్ అనే చిన్న ఊరి దాకా నడిచే వెళ్లాం. బామ్మ రానంది. ఊరవేసిన దోసకాయల సీసా ఒకటి నా బ్యాగులో కుక్కి పంపింది. ఆ సీసా సరిహద్దు దాటేదాకా నలుగురికి తిండి.

ఇప్పటికీ ఫోన్ చేస్తుంటాను. ఆ మే నెలలోనే మెట్రో మళ్లీ నడిచింది. 2023 సెప్టెంబరు నుంచి కొన్ని స్టేషన్లలోనే గదులు కట్టి పిల్లలకి బడి నడుపుతున్నారు. ఆ సంగతి చెబుతున్నప్పుడు బామ్మ గొంతులో అంత సంతోషం నేనెప్పుడూ వినలేదు. 2022 అక్టోబరులో కరెంటు వ్యవస్థ మీద దాడులు పెరిగాక మాత్రం ఆవిడ వంటా, స్నానం, నిద్రా అన్నీ కరెంటు వచ్చే వేళని బట్టే. ఒకరోజు అక్కడ అర్ధరాత్రి దాటాక మాట్లాడుతుంటే వెనక లైటు వెలిగింది. "వచ్చింది, బట్టలు మెషీన్లో వేసుకోవాలి" అని చటుక్కున ఫోన్ పెట్టేసింది.