కెమెరా జేబులో పెట్టుకుని వెళ్లేముందు

అమ్మాయికి పెదనాన్న ఆశీస్సులు.

గాడిదల వధ మీద రహస్యంగా సినిమా తీస్తానని రాశావు. మంచి పనికి పూనుకున్నావు. 2012లో దేశంలో 3 లక్షలకు పైగా ఉన్న గాడిదలు 2019 పశుగణన నాటికి 1.2 లక్షలకు పడిపోయాయి. బరువులు మోసే పని ట్రాలీలకు పోవడం ఒక కారణం, కత్తి మరో కారణం. మన గుంటూరు, బాపట్ల వైపు గాడిద మాంసం తింటే బలం వస్తుందని, ఆయాసం తగ్గుతుందని ఇప్పటికీ నమ్ముతారు. ఆహార భద్రతా నిబంధనల్లో తినదగిన జంతువుల జాబితాలో గాడిద లేదు. నీ ఫిర్యాదుకు గట్టి పునాది అదే. 1960 నాటి జంతుహింస నిరోధక చట్టంలో మొదటి తప్పుకు జరిమానా 10 నుంచి 50 రూపాయలే, దాని ఒక్కదాని మీదే ఆధారపడకు.

నీ షాట్ కోర్టులో నిలబడాలి, చూసినవాళ్లు ఏడవడం తర్వాతి సంగతి. అందుకే కెమెరా ఆన్ చేయగానే ఊరి బోర్డో, మైలురాయో పట్టు. అక్కణ్ణుంచి ఆపకుండా గాడిదలను ఎక్కించిన లారీ దాకా నడువు. ముందుకాళ్లు తాడుతో కట్టేసి ఒకదాని మీద ఒకటి పడేసిన గాడిదలు కనిపిస్తాయి, తాడు ఒరుసుకున్నచోట చర్మం లేచి ఉంటుంది. దగ్గరికి వెళ్లి ఆ గిట్టల దగ్గరే కాసేపు నిలుపు. నంబర్ ప్లేటు వదలకు. ఎవరినీ "మళ్లీ ఒకసారి కొట్టు" అని మాత్రం అడగొద్దు. అలా తీసిన ఒక్క షాట్ బయటపడితే మొత్తం సినిమా పోతుంది. కొనేవాడిలా నటించినా డబ్బు ఇవ్వొద్దు, ఆ డబ్బు ఇంకో గాడిద ప్రాణం తీస్తుంది. వకీలును అడగకుండా గేటు దాటి లోపలికి వెళ్లకు. ఒంటరిగా అసలే వద్దు.

ఇంటికొచ్చాక ఎంత అలసిపోయినా ఆ రాత్రే తేదీ, టైం, చోటు నోట్‌బుక్‌లో రాసుకో. అసలు మెమరీ కార్డును ముట్టుకోకు, కాపీ మీదే ఎడిటింగ్ చెయ్యి. 2024 జులై నుంచి అమల్లో ఉన్న భారతీయ సాక్ష్య అధినియం అనే కొత్త సాక్ష్యాల చట్టంలోని 63వ సెక్షన్ ప్రకారం వీడియోతో పాటు హ్యాష్ విలువ (ఫైలును మార్చలేదని తేల్చే, దాని వేలిముద్ర లాంటి కోడ్) ఉన్న సర్టిఫికెట్ ఇవ్వాలి.

కత్తి పట్టిన కూలీ ముఖాన్ని మసకబరచు. అతనికి దక్కేది రోజు కూలి, లాభం వేరొకడి జేబులోకి పోతుంది. ఏ కులం మీదా ఒక్క మాట పడకుండా చూసుకో. మన ఊళ్లలో ఇలాంటి సినిమాలు ఇట్టే కులం గొడవలైపోతాయి, గాడిదల మాట మరుగున పడుతుంది.

నిద్ర పట్టని రాత్రులుంటాయి, నాకు ఫోన్ చెయ్యి. ఇంకా తీయాలనే ఆశతో ఫిర్యాదును నెలల తరబడి వాయిదా వేయకు. ఫిర్యాదుకు ముందే పట్టుబడే గాడిదలను ఉంచే షెడ్డు, మేత, పశువైద్యుడు సిద్ధంగా ఉండాలి. ఏ జంతు సంరక్షణ కేంద్రం వాటిని తీసుకుంటుందో ఈ వారమే కనుక్కో.

పెదనాన్న